చీర కట్టమన్న జనరల్ గారి గుడి

నవంబరు 2 సమాధుల పండుగ. ఆ వారం అనుబంధానికి ఒక పాత శ్మశానం గురించి రాయమని ఎడిటర్ గారు అడిగారు. బందరులో డచ్చివాళ్ల సమాధులున్నాయి, భీమిలిలోనూ ఉన్నాయి, హైదరాబాదులో పైగా నవాబుల సమాధులున్నాయి. ఇన్ని పెట్టుకుని కలకత్తా దాకా ఎందుకని ఆయన అనుమానం. కలకత్తా సౌత్ పార్క్ స్ట్రీట్ సమాధుల తోటలో ఒక గుడి ఉంది, అందుకు. ఆ గుడిలో దేవుడు లేడు. ఈస్టిండియా కంపెనీ సైన్యంలో పనిచేసిన ఒక మేజర్ జనరల్ పడుకుని ఉన్నాడు.

ఆయన దగ్గరికి చేరాలంటే కొన్ని దశాబ్దాలు దాటాలి. గబగబా దాటేద్దాం. 1690లో కంపెనీ ఏజెంటు జాబ్ చార్నాక్ హుగ్లీ ఒడ్డున దిగాడు, మూడేళ్లు తిరక్కుండానే పోయాడు. సెయింట్ జాన్స్ చర్చి ఆవరణలో ఆయన సమాధి మీద పరిచిన రాయి మద్రాసు పక్కనున్న పల్లావరం నుంచి వెళ్లింది. భూగర్భ శాస్త్రజ్ఞులు ఆ జాతి రాయికి ఆయన పేరే పెట్టి చార్నొకైట్ అన్నారు. మన తూర్పు కనుమల్లో ఆ రాయికి కొదవే లేదు. తర్వాత సిరాజుద్దౌలా ముట్టడి, ప్లాసీ యుద్ధం, ఏటేటా జ్వరాలు. చర్చి దొడ్లో చోటు చాలక 1767 ఆగస్టు 25న ఊరవతల కొత్త తోట తెరిచారు. అందులోకి మొదట వెళ్లినవాడు కస్టమ్స్ హౌస్ గుమాస్తా జాన్ వుడ్. అక్కడికి వెళ్లే దారికి బరియల్ గ్రౌండ్ రోడ్ అని పేరు పడింది. తర్వాత జడ్జి ఇంపే గారి జింకల పార్కు పుణ్యమా అని పార్క్ స్ట్రీట్ అయింది. ఇప్పుడు మదర్ తెరిసా సరణి. బోర్డు మీద తప్ప ఆ పేరు ఎవరి నోటా వినపడదు.

ఆ రోజుల్లో బెంగాలుకి వచ్చిన తెల్లవాడి ఆయుష్షు రెండు వానాకాలాలని నానుడి. వానలు వెనకబట్టాక నవంబరు 15న బతికి బయటపడ్డవాళ్లంతా ఒకచోట చేరి ఒకరినొకరు అభినందించుకునేవాళ్లట.

మమ్మల్ని తిప్పిన గైడు రిటైరైన బడి మాస్టారు. మగవాళ్లందరినీ దాదా అని, ఆడవాళ్లందరినీ దిది అని పిలుస్తూ, వెనకబడ్డవాళ్లకి క్లాసులో చివరి బెంచీ పిల్లలకి పడ్డట్టే చివాట్లు పెడుతూ నడిపించాడు. లోపల 1600 దాకా సమాధులు. పిరమిడ్లు, సూదిగా లేచిన స్తంభాలు, గ్రీకు మండపాలు, మసీదుల మీద ఉండేలాంటి గుమ్మటాలు. లండన్లో అద్దె గదిలో ఉండాల్సిన కుర్రాడికి ఇక్కడ రాజుగారి సమాధి. సున్నపు గచ్చు ఊడిన చోట ఇటుకలు బయటపడ్డాయి, వాటి సందుల్లో రావి మొక్కలు. రాతి ఫలకాల మీద పేర్లు పాకుడు పట్టిపోయినా, చెక్కిన వయసులు మాత్రం చదవడానికి వస్తాయి. ఇరవైలు, ముప్ఫైలు, నెలల్లో లెక్కపెట్టినవి.

మెలితిప్పినట్టున్న ఒక సమాధి దగ్గర మాస్టారు ఆగాడు. రోజ్ ఐల్మర్, 1800 మార్చిలో పోయింది, ఇరవై ఏళ్లు. లాండర్ అనే ఆంగ్ల కవి ఆమె మీద రాసిన చిన్న పద్యం ఆయన పెద్ద కావ్యాలన్నింటికంటే ఎక్కువ కాలం బతికింది. అనాసపళ్లు అతిగా తినడమే కారణమని అప్పటి కలకత్తా వకీలు విలియం హికీ తన జ్ఞాపకాల్లో రాసుకున్నాడు. కలరా అని మిగతావాళ్లు. కవికి ఏ కారణమూ అక్కర్లేకపోయింది.

అన్నిటికంటే ఎత్తయిన స్తంభం సర్ విలియం జోన్స్‌ది. ఏషియాటిక్ సొసైటీ పెట్టినవాడు, సంస్కృతానికీ గ్రీకుకీ లాటిన్‌కీ ఒకే మూలం ఉండి ఉండాలని 1786లో చెప్పినవాడు. నలభై ఏడేళ్లకే వెళ్లిపోయాడు. తెలుగు ఆ కుటుంబంలోది కాదని 1816లో మద్రాసు నుంచి ఎల్లిస్ తేల్చాడు కానీ, మాస్టారి పాఠంలో అది లేదు.

ఇక జనరల్ గారు. చార్లెస్ స్టూవర్ట్, ఐర్లండు మనిషి. పంతొమ్మిదేళ్ల వయసులో కేడెట్‌గా వచ్చాడు. ఊళ్లో అందరూ ఆయన్ని హిందూ స్టూవర్ట్ అనేవాళ్లు. రోజూ పొద్దున్నే ఇంటినుంచి గంగ దాకా నడిచివెళ్లి స్నానం చేసేవాడు. సెలవు మీద స్వదేశానికి వెళ్తే వెంట దేవతా విగ్రహాలూ వెళ్లాయి. తన సిపాయిలు నుదుట బొట్టుతో, మీసాలతో పరేడుకి వస్తే అభ్యంతరం చెప్పలేదు. పైవాళ్లు చెప్పారు. ఇది చిన్న విషయం కాదు. కవాతులో బొట్టు పెట్టుకోకూడదని, కొత్తరకం తలపాగా పెట్టుకోవాలని మద్రాసు సైన్యంలో హుకుం చేసినందుకే 1806లో వేలూరు కోట రక్తసిక్తమైంది. ఆ గొడవ వేడి చల్లారకముందే, 1808లో, స్టూవర్ట్ తన పేరు వేసుకోకుండా హిందువులను సమర్థిస్తూ లండన్లో ఒక పుస్తకం అచ్చేయించాడు. నీతిగా బతకడానికి వీళ్లకి మన మతం అక్కర్లేదు, మిషనరీలు మానుకుంటే మంచిదని వాదన.

నాకు మరీ ఇష్టమైనది మాత్రం చీరల వ్యవహారం. కలకత్తా పత్రికలో ఆయన దొరసానులకి వరసగా హితబోధ మొదలుపెట్టాడు: గౌన్లు మానండి, చీర కట్టండి. బెంగాలీ స్త్రీ తడిచీరతో నది మెట్లెక్కి వస్తుంటే చూసినవాడికి ఐరోపా దుస్తులు నచ్చవని ఆయన బాధ. స్నానానికి వెళ్లే దారిలో ఆయన దృష్టి పూర్తిగా గంగమ్మ మీదే ఉండేదని చెప్పడం కష్టం. అక్కడితో ఆగితే ముసలి సోల్జరు సరదా అనుకోవచ్చు. ఆగలేదు. దొరసానులు నడుం బిగించడానికి రవికల్లో తొడిగే ఇనప బద్దల మీద పడ్డాడు. ఉరుములప్పుడు వాటి మీద పిడుగు పడుతుందన్నాడు. అందరూ ఆ బద్దలు తీసి పారేస్తే వచ్చే ఇనుముతో రైతుల బండి చక్రాలు బాగుచేయించవచ్చన్నాడు. దొరసానులు ఊరుకోలేదు, అదే పత్రికలో ఘాటుగా జవాబులు రాశారు. ఆ ఉత్తర ప్రత్యుత్తరాలన్నీ కలిపి పుస్తకంగా వచ్చాయి. ఒక్క దొరసాని అయినా చీర కట్టినట్టు దాఖలా మాత్రం లేదు.

వుడ్ స్ట్రీట్‌లో ఆయన ఇల్లు ఒక మ్యూజియం. బెంగాలు, బీహారు, ఒరిస్సాల నుంచి చేర్చిన విగ్రహాలు గదుల నిండా ఉండేవి, ఎవరైనా వచ్చి చూడొచ్చు. కొన్నవి కొన్ని. మరి మిగతావి? 1837లో మార్ఖమ్ కిట్టో అనే అధికారి శాసనాలు నకలు చేసుకోవడానికి భువనేశ్వర్ వెళ్తే పూజారులు మొహం మాడ్చుకున్నారు. ఇలాగే ఒక కర్నల్ సాహెబ్ వచ్చి మా రాళ్లు పట్టుకుపోయాడన్నారు. ఆ సాహెబ్ మన స్టూవర్టే. సంగతి విన్న ఏషియాటిక్ సొసైటీ కార్యదర్శి జేమ్స్ ప్రిన్సెప్ సొసైటీ గదుల్లో వెతికించి రెండు శాసనఫలకాలు తిరిగి పంపించాడు. వాటిలో ఒకటి మేఘేశ్వరాలయానిది. అదీ వెళ్లి అనంత వాసుదేవాలయం ఆవరణ గోడలో చేరింది. రాయి ఊరికి తిరిగొచ్చింది గానీ ఇంటికి చేరలేదు.

భక్తుడూ ఆయనే, దొంగా ఆయనే. ఈ రెండో మాట మాస్టారు వాడలేదు, కలెక్టర్ అన్నాడు. నాకు ఆయన మీద ఉన్న ఇష్టం ఇందువల్ల తగ్గలేదని చెప్పడానికి కొంచెం సిగ్గుగానే ఉంది.

1828 మార్చి 31న స్టూవర్ట్ పోయాడు. తన విగ్రహాలు కొన్ని పెట్టెలో పెట్టుకుని, పాదిరి ప్రార్థనల మధ్య, ఈ తోటలోకి వచ్చాడు. పైన శిఖరంతో చిన్న గుడి కట్టారు, గుమ్మానికి చెక్కడపు రాళ్లు అమర్చారు. దగ్గరికెళ్లి చూస్తే కొన్ని శిల్పాలు విరిగి ఉన్నాయి. ఆయన పోగేసిన విగ్రహాలు ఓడెక్కి లండన్లో వేలానికి వెళ్లాయి, బ్రిడ్జ్ అనే నగల వ్యాపారి కొన్నాడు, 1872లో ఆయన వారసులు బ్రిటిష్ మ్యూజియానికి ఇచ్చేశారు. అమరావతి స్తూపం పలకలు ఉన్నదీ అదే మ్యూజియంలో.

అమరావతి అంటే మెకంజీ. గుంటూరు సీమలో తవ్వుతున్న దిబ్బ నుంచి పలకలు తీయించి కలకత్తాకీ పంపినవాడు. 1821లో పోయాక ఆయన్నీ పార్క్ స్ట్రీట్‌లోనే పూడ్చారు. మా నడకలో ఆయన ఊసు లేదు. మన ఊళ్ల కైఫీయతులు రాయించడంలో కావలి సోదరులు ఆయనకి కుడిభుజం. వాళ్లలో లక్ష్మయ్య ఆ కాగితాల వెంట కలకత్తా దాకా వెళ్లాడు. దొర పోయాక ఆ పని తాను కొనసాగిస్తానంటే, దేశీయుడికి అంత శక్తి లేదని తేల్చినవాడు ఇదే ప్రిన్సెప్. ఒరిస్సా పూజారులకి రాళ్లిచ్చిన చెయ్యే అది. సి.పి.బ్రౌన్ పుట్టింది కూడా ఈ ఊళ్లోనే, 1798లో. తండ్రి డేవిడ్ బ్రౌన్ ఇక్కడి చర్చిలో పాదిరి. ఈ తోటలో ఎందరి మీద ఆయన ప్రార్థన చదివాడో. కొడుకు సమాధి మాత్రం లండన్ కెన్సల్ గ్రీన్‌లో.

తర్వాతి కథకి వరసా వావీ లేదు. యువకవి డిరోజియో 1831లో ఇరవై రెండేళ్లకే కలరాతో పోయి ఒక పక్కన చేరాడు. ఆ తర్వాత తోటలో పూడ్చడం దాదాపు ఆగిపోయింది. రోడ్డుకి అవతలి ఉత్తరపు తోటని 1953లో చదును చేశారు. నవలాకారుడు థాకరే తండ్రి సమాధి ఉండేది అక్కడే, ఇప్పుడు బడీ ఆసుపత్రీ ఉన్నాయి. 1987లో విద్యార్థులు వేరే శ్మశానం నుంచి చార్లెస్ డికెన్స్ కొడుకు వాల్టర్ సమాధి ఫలకాన్ని తెచ్చి ఇక్కడ నిలబెట్టారు, మనిషి మాత్రం అక్కడే ఉండిపోయాడు. సత్యజిత్ రాయ్ తన డిటెక్టివ్ ఫెలూదాని ఈ గోరీల మధ్య తిప్పాడు, 2010లో కొడుకు దాన్ని సినిమా తీశాడు. ఆ తర్వాత జనం పెరిగారు, దయ్యాల కథలు ఇంకా పెరిగాయి.

మేం బయటికొస్తుంటే టికెట్ కిటికీ దగ్గర కాలేజీ పిల్లల గుంపు. దయ్యం కనిపించే సమాధి ఏదని మాస్టారిని అడిగారు. ఆయన ఒక్క క్షణం మమ్మల్ని చూసి, ఇంకో క్షణం వాళ్లని చూసి, జోన్స్ గారి స్తంభం వైపు చెయ్యి చూపించాడు.

"ముందు అక్కడికి పదండి," అన్నాడు. "సంస్కృతం పాఠం విన్నవాళ్లకే దయ్యం."