ఈదీ పైసలతో కొన్న నకిలీ ఖిలోనా

మొన్న జుమ్మా నాడు అమ్మీ సందూక్ సర్దుతుంటే నా పాత బ్రిక్ గేమ్ బయటపడింది. బ్యాటరీ మూత ఎప్పుడో పోయింది, టేపు ముక్కే దిక్కు. మా భాంజా తిప్పి తిప్పి చూశాడు. వాడు మాదాపూర్‌లో ఒక గేమింగ్ కంపెనీలో టెస్టర్. "మామూ, ఇది పక్కా నకిలీ" అన్నాడు.

నకిలీయే, కాదనను. అసలీ ఆట పేరు టెట్రిస్. 1984లో మాస్కోలో సోవియట్ సైన్స్ అకాడమీ ఉద్యోగి అలెక్సీ పజిట్నోవ్ తయారుచేశాడు. 1989లో నింటెండో గేమ్ బాయ్ తెచ్చి, అమెరికాలో దాంతోపాటే టెట్రిస్ ఇచ్చింది. ఆ హక్కుల కోసం హెంక్ రోజర్స్ అనే వ్యాపారి మాస్కో దాకా పోయి, ఎలోర్గ్ అనే సర్కారీ సంస్థతో బేరం కుదుర్చుకొచ్చాడు.

మా గల్లీకి గేమ్ బాయ్ రాలేదు. వచ్చింది చైనా బ్రిక్ గేమ్, ఎవరి ఇజాజత్ లేకుండా. 1995 రంజాన్ ఈదీ మొత్తం పోసి పత్తర్‌గట్టీలో ఠేలా మీద కొన్నా. డబ్బా మీద 9999 ఆటలని రాసుంది. ఎంత ఝూట్! పాము, టాంకు, కారు రేసు లాంటి కాసిని ఆటలకే వేగమూ లెవలూ మార్చి నంబర్లు పెంచారు. తెర మీద అడ్డం 10, నిలువు 20 గడులు, అంతే. అందుకే అంత సస్తా. కారంటే ఏడు గడులు. మేం మాత్రం మర్సిడీస్ అనుకునే నడిపాం. అయిదుగురు పిల్లలం, ఓడినవాడు పక్కవాడికి ఇచ్చెయ్యాలి. సెల్లులు అయిపోతే ఎండలో పెట్టి, పళ్లతో నొక్కి, ఇంకో బారీ ఆడేవాళ్లం.

మరి చోరీ మాల్ కదా? నా రాతలో పేరు తీసేసి ఎవరైనా వాట్సాప్‌లో తిప్పితే నాకు ఒళ్లు మండుతుంది. ఆట నియమాలు ఎవరి మిల్కియత్ కాదు గానీ రూపం ఎత్తుకోకూడదని 2012లో న్యూజెర్సీలోని ఫెడరల్ కోర్టు ఒక ఫోన్ నకిలీ మీద తీర్పిచ్చింది. ఆ రూపంలో 10-20 గడుల లెక్క కూడా ఉంది! నా డబ్బా సాఫ్‌గా దొరికిపోయినట్టే.

కానీ పజిట్నోవ్‌కు 1996 దాకా రాయల్టీ లేదు. హక్కులు సర్కారు చేతిలో ఉండేవి. నేను ఆ ఏడు అసలీ కొన్నా ఆయన మెహనత్‌కు పైసా ముట్టేది కాదు.

తర్వాత సంగతి ఇంకా అజీబ్. రోజర్స్ తన మొబైల్ కంపెనీని 2005లో జామ్‌డాట్‌కు అమ్మాడు. మరుసటి ఏడే జామ్‌డాట్‌ను ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ కొంది. దానికి మన హైటెక్ సిటీలోనూ దఫ్తర్ ఉంది. అంటే మూసీకి ఇవతల నకిలీ ఠేలా, అవతల లైసెన్సుదారు అద్దాల బిల్డింగు. 2020 ఏప్రిల్ 21న వాళ్లు తమ ఫోన్ టెట్రిస్ బంద్ చేశారు. పైసలు కట్టి కొన్నవాళ్ల ఫోన్లలోనూ ఆగిపోయింది.

రెండు పెన్సిల్ సెల్లులు వేస్తే నాది కూసింది. భాంజా కాయితం, పెన్ను తీసుకుని అందులో నిజంగా ఎన్ని ఆటలున్నాయో లెక్కపెట్టడానికి కూర్చున్నాడు. ఇషా అజాన్ వేళకు పదమూడు తేల్చాడు.