ఫిడేలుకు పీట వేసిన ఊరు

విజయనగరంలో పుట్టి పెరిగినవాడితో ఫిడేలు పరాయి వాద్యమంటే ఒక పట్టాన నమ్మడు. నేనూ నమ్మలేదు. చిన్నప్పుడు సాయంత్రం పూట సంగీత కళాశాల పక్కనుంచి వెళ్తుంటే ఒక గదిలోంచి సరళి వరసలు, ఇంకో గదిలోంచి వర్ణం, వెనకనుంచెక్కడో మృదంగం మీద పాఠం, అన్నీ కలగలిసి వినిపించేవి. వాటిలో ఫిడేలు గొంతు ఏదో, పిల్లల గొంతు ఏదో తేల్చుకోవడానికి గోడ పక్కన ఆగి చెవి ఒగ్గాల్సి వచ్చేది. ఆ వాద్యం ఓడలెక్కి వచ్చిందనీ, దాన్ని తెచ్చినవాళ్లు నిలబడి గడ్డం కింద నొక్కిపెట్టి వాయించేవారనీ నాకు హైస్కూలు చదువు దాటాక గానీ తెలియలేదు.

ఎక్కడిదో ఒక వాద్యం ఇంకో దేశంలో వేళ్లూనుకుందని చెప్పడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు. ఆ ఊరి పిల్లవాడికి అది బయటనుంచి వచ్చిందన్న అనుమానమే రాకపోవాలి. 1919లో మొదలై నూరేళ్లు దాటిన మన కళాశాల చేసిన పనుల్లో నేను అన్నిటికన్నా పెద్దదిగా ఎంచుకునేది ఇదే. అందుకే ఈ ప్రత్యేక సంచికలో కళాశాల కథను ఫిడేలు వైపునుంచి చెప్పాలనుకున్నాను.

కోట బ్యాండు నుంచి కచేరీ దాకా

కర్ణాటక సంగీతంలోకి ఫిడేలు వచ్చిన తోవ మద్రాసులో మొదలవుతుంది. ముత్తుస్వామి దీక్షితుల తమ్ముడు బాలుస్వామి దీక్షితులు (1786-1859) తొలి పేరు. వారి కుటుంబాన్ని మణలి ముదలియార్లు ఆదరించి మద్రాసుకు తీసుకువెళ్లారు. అక్కడ సెయింట్ జార్జి కోటలో కంపెనీవారి బ్యాండు మోగేది. ఆ పాటల వరసలు విని అన్నగారు వాటికి సంస్కృత సాహిత్యం అమర్చారు. సుమారు 40 వరకూ ఉన్న ఆ నోట్టు స్వరాలను ఇవాళ్టికీ పిల్లలకు నేర్పుతున్నాం. తమ్ముడు ఇంకో అడుగు ముందుకు వేశాడు. ఒక యూరోపియన్ వాద్యగాడి దగ్గర కుదురుగా ఫిడేలు నేర్చుకుని, ఆ కమానుతో మన రాగాలు పలికించడానికి పూనుకున్నాడు. తర్వాత ఎట్టయపురం సంస్థానంలో విద్వాంసుడయ్యాడు.

అదే కాలంలో తంజావూరులోనూ ఆ గాలి వీచింది. శరభోజి మహారాజు కొలువులో పాశ్చాత్య సంగీతానికి ఆదరణ ఉండేది. తంజావూరు సోదరులు నలుగురిలో చిన్నవాడైన వడివేలు ఫిడేలు పట్టి అందులో ఆరితేరాడు. తిరువాన్కూరు రాజు స్వాతి తిరునాళ్ 1834లో అతనికి ఏనుగు దంతంతో చేసిన ఫిడేలును బహూకరించాడు. 19వ శతాబ్దం చివరికల్లా తిరుక్కోడికావల్ కృష్ణయ్యర్ వంటివారి చేతుల్లో అది కచేరీకి తప్పనిసరి పక్కవాద్యమై కూర్చుంది.

కొలువుల్లో వీణ ఉంది, వేణువు ఉంది. వాటిని కాదని ఫిడేలును ఎందుకు చేరదీశారు? వీణ తీగ మీటితే నాదం పుట్టి మెల్లగా సన్నగిల్లుతుంది. కమాను ఆడుతున్నంతసేపూ ఫిడేలు నాదం నిలుస్తుంది. గాయకుడి ఊపిరి ఎంత పొడుగో దీని పలుకూ అంత పొడుగు. పైగా దీనికి మెట్లు లేవు. రెండు స్వరాల మధ్య ఉన్న దారి మొత్తం వేలికి తెరిచే ఉంటుంది. గమకం బతికేది ఆ దారిలోనే.

ఇదే సముద్రం దాటి హార్మోనియం కూడా వచ్చింది. మన పద్యనాటకాలకూ హరికథలకూ అది ప్రాణమైంది. ఈలపాటంత ఇష్టంగా జనం దాన్ని విన్నారు. కానీ శాస్త్రీయ కచేరీలో దానికి ఫిడేలు స్థానం దక్కలేదు. ఆకాశవాణి 1940 నుంచి 1971 దాకా దాన్ని దూరంగానే ఉంచింది. హార్మోనియం మెట్టు మీద స్వరం ఉన్నచోటే ఉంటుంది, ఊగదు, జారదు. వచ్చిన వాద్యాలన్నిటినీ మన సంగీతం కళ్లు మూసుకుని పుచ్చుకోలేదు. తన భాష పలకగలదా అని ఒక్కొక్కదాన్నీ అడిగి చూసింది.

నేల మీద కూర్చున్న వాద్యం

ఫిడేలు మన భాష నేర్చుకున్న తీరు దగ్గరనుంచి చూడాలి. పడమటి వాద్యగాడు నిలబడో కుర్చీలో కూర్చునో వాయిస్తాడు. వాద్యాన్ని గడ్డానికీ భుజానికీ మధ్య బిగించి పట్టుకుంటాడు. మన విద్యార్థి చాప మీద కూర్చుంటాడు. ఎడమ కాలు మడుస్తాడు, కుడి కాలు కొంచెం ముందుకు చాపుతాడు. ఫిడేలు తల, అంటే చుట్ట చుట్టినట్టు ఉండే ఆ కొస, కుడి చీలమండ దగ్గర ఆనుతుంది. రెండో చివర ఎడమవైపు రొమ్ముకు తగులుతుంది. కొత్తగా చేరిన పిల్లవాడికి మొదటి వారమంతా ఈ కూర్చోవడంతోనే సరిపోతుంది. కాలు తిమ్మిరెక్కుతుంది, ఫిడేలు జారుతుంది, మాస్టారు మళ్లీ సర్దుతారు.

ఈ చిన్న మార్పులోనే అసలు గుట్టు ఉంది. వాద్యం బరువును కాలూ రొమ్మూ మోస్తే ఎడమ చేతికి మోత పని తప్పుతుంది. అది తీగ వెంబడి కిందికీ పైకీ హాయిగా తిరుగుతుంది. తోడిలో గాంధారం ఊగాలన్నా, శంకరాభరణంలో ఒక జారు పడాలన్నా చేతికి ఆ స్వేచ్ఛ ఉండాలి.

శ్రుతి చేయడమూ మారింది. యూరప్‌లో నాలుగు తీగలకూ స్వరాలు ఖాయం. ఒక్కో తీగకూ పక్క తీగకూ మధ్య పంచమం దూరం. మన దగ్గర లావు తీగ మంద్ర షడ్జం, దాని పక్కది మంద్ర పంచమం, తర్వాత మధ్య షడ్జం, చివరి సన్న తీగ మధ్య పంచమం. స ప స ప, అంతే. ఆ షడ్జం ఎక్కడ ఉండాలో పాడేవాళ్ల గొంతు నిర్ణయిస్తుంది. గాయకుడి శ్రుతి ఎంతో ఫిడేలు శ్రుతీ అంతే. కొయ్యలో ఏ మార్పూ లేదు, కమానులో ఏ మార్పూ లేదు. కూర్చునే తీరు మారింది, శ్రుతి మారింది, వేలి నడక మారింది. దాంతో వాద్యం మనదైపోయింది.

వీణల సీమలో ఒక పాఠశాల

మన ప్రాంతం అసలు వీణల సీమ. బొబ్బిలి దగ్గర గొల్లపల్లిలో పనస కొయ్యను తొలిచి వీణలు చేసే చేతులు ఇప్పటికీ ఉన్నాయి. విజయనగరం ఆస్థానంలో వీణ వెంకటరమణదాసు గారి వంటి వైణికులు వెలిగారు. అలాంటి చోట ఫిడేలుకు పెద్దపీట దక్కిందంటే అందుకు ఒక సంస్థ పుట్టుకే కారణం.

ఆస్థానోద్యోగి ఒకరి కొడుకుకు చూపు లేదనీ, ఆ పిల్లవాడికి సంగీతం చెప్పించే ఏర్పాటు చేయాలన్న తలంపే ఈ పాఠశాలకు బీజమైందనీ మన ఊళ్లో పెద్దలు చెప్పుకునే మాట. 1919లో పూసపాటి విజయరామ గజపతిరాజు గారు సంగీత పాఠశాల నెలకొల్పారు. తొలి అధ్యక్షులు హరికథా పితామహుడు అజ్జాడ ఆదిభట్ల నారాయణదాసు గారు. 1936 దాకా ఆ పీఠం మీద వారే ఉన్నారు.

దాసుగారి చేతికి పగ్గాలు అందడం మన అదృష్టం. ఆయన గజ్జె కట్టి కథ చెబితే ఊళ్లకు ఊళ్లు కదిలి వచ్చేవి. లయ మీద ఆయనకున్న పట్టుకు విద్వాంసులు చేతులెత్తి మొక్కేవారు. సంస్కృతంతో పాటు పారసీకం కూడా చదువుకుని, ఉమర్ ఖయ్యాం రుబాయీలను సంస్కృతంలోకీ అచ్చ తెలుగులోకీ తెచ్చిన మనిషి ఆయన. పొరుగు దేశపు కవిత్వాన్ని అచ్చ తెలుగులో కూర్చోబెట్టగలిగినవాడికి పొరుగు దేశపు వాద్యాన్ని చాప మీద కూర్చోబెట్టడం వింతగా తోచి ఉండదు.

అప్పటిదాకా సంగీతం ఇంటి విద్య, లేదా కొలువు విద్య. తండ్రి కొడుక్కి చెప్పాలి, లేకపోతే గురువు ఇంట్లో ఏళ్ల తరబడి ఉండి సేవ చేసి నేర్చుకోవాలి. పాఠశాల వచ్చాక గురువుకు జీతం ఏర్పడింది, పాఠానికి వేళ ఏర్పడింది, ఏ సంవత్సరంలో ఏం నేర్చుకోవాలో క్రమం ఏర్పడింది. రాజు మెప్పు ఒక విద్వాంసుణ్ణి నిలబెడుతుంది. వాద్యాన్ని తరాల పాటు నిలబెట్టాలంటే రోజూ తెరుచుకునే తరగతి గది ఉండాలి.

దరఖాస్తుతో వచ్చి గురువైన యువకుడు

ద్వారం వెంకటస్వామి నాయుడు గారు 1893 నవంబరు 8న దీపావళి నాడు బెంగుళూరులో పుట్టారు, విశాఖపట్నం ప్రాంతంలో పెరిగారు. చిన్నతనం నుంచీ చూపు మందం. అన్నగారు వెంకటకృష్ణయ్య గారే తొలి గురువు. విజయనగరంలో పాఠశాల పెట్టారని విని, పాతికేళ్ల వయసులో, విద్యార్థిగా చేరదామని వచ్చారు. ఆయన వాదన విన్న పెద్దలు ఆయనను విద్యార్థుల వరసలో కూర్చోబెట్టలేదు. ఫిడేలు ఆచార్యుడిగా నియమించారు. మన కళాశాల చరిత్రలో నాకు మరీ మరీ ఇష్టమైన ఘట్టం ఇది.

తర్వాత కథ తెలుగు నాట అందరికీ తెలిసిందే. 1936లో దాసుగారి తర్వాత ఆయనే అధ్యక్షులయ్యారు. జనం ప్రేమగా ‘ఫిడేలు నాయుడుగారు’ అని పిలుచుకున్నారు. పొడుగాటి కమాను, ఎక్కడా గరగరలాడని నాదం, పాట మాటల్ని కూడా పలికిస్తోందా అనిపించే స్పష్టత ఆయన బాణీ. పక్కవాద్యంగానే స్థిరపడిన ఫిడేలుతో ఒంటరిగా నిండు కచేరీ చేయవచ్చని చూపించారు. 1938లో వేలూరులో ఆయన చేసిన సోలో కచేరీని ఆ దారిలో తొలి మెట్టుగా చెబుతారు. 1941లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ సంగీత కళానిధి బిరుదు ఇచ్చింది. 1957లో పద్మశ్రీ వచ్చింది.

1952లో యెహూదీ మెనూహిన్ మన దేశానికి వచ్చారు. పడమటి ఫిడేలు లోకంలో తలమానికం లాంటి విద్వాంసుడు ఆయన. నాయుడుగారి వాదన విని మనసారా మెచ్చుకున్నారు. బాలుస్వామి దీక్షితులు యూరోపియన్ ముందు శిష్యుడిగా కూర్చున్న నాటికీ, మెనూహిన్ మన విద్వాంసుడి ముందు శ్రోతగా కూర్చున్న నాటికీ మధ్య సుమారు నూటయాభై ఏళ్లు గడిచాయి. ఒక అరువు సొంతమవడానికి పట్టిన కాలం అది. ఆ కాలంలో చివరి ముప్ఫై ఏళ్ల పని చాలావరకు విజయనగరంలో జరిగిందని మనం గర్వంగా చెప్పుకోవచ్చు.

తలుపు తెరిచే ఉంది

పాఠశాల తలుపు ఎవరికి తెరుచుకుందో చూస్తే ఆ గర్వానికి అర్థం పెరుగుతుంది. ఘంటసాల వేంకటేశ్వరరావు గారు సంగీతం నేర్చుకోవాలన్న ఒక్క కోరికతో విజయనగరం వచ్చారు. పట్రాయని సీతారామశాస్త్రి గారు చేరదీసి పాఠం చెప్పారు. జోలె పట్టి, ఇంటింటా మధూకరం తెచ్చుకుని తింటూ ఆయన చదువు సాగించారు. ఆ అన్నం పెట్టిన ఇల్లాళ్ల పేర్లు ఏ పుస్తకంలోనూ ఉండవు. అయినా ఈ కళాశాలను నిలబెట్టినవాళ్లలో వాళ్లూ ఉన్నారు. నేదునూరి కృష్ణమూర్తి గారు ఇక్కడ ద్వారం నరసింగరావు గారి వద్ద గాత్రంతో పాటు ఫిడేలూ నేర్చుకున్నారు. ఈ ఊరి ఆడపడుచు పి. సుశీల గారు ఇక్కడే చదువుకున్నారు. శాస్త్రీయ వేదిక మీద, సినిమా పాటలో, రేడియోలో తెలుగు చెవికి ఆనిన నాదంలో ఎంతో భాగం ఈ గదుల్లో శ్రుతి చేసుకుని వెళ్లింది.

ఫిడేలుకు పడిన దారిలో తర్వాత మరికొన్ని నడిచాయి. పాలకొల్లులో పుట్టిన యు. శ్రీనివాస్ మాండలిన్‌ను పట్టి, చిన్న వయసులోనే కర్ణాటక సంగీతాన్ని దాని మీద పలికించి ప్రపంచమంతా తిరిగారు. పరాయి వాద్యానికి మన సంగీతం నేర్పడం సాధ్యమని ఫిడేలు అప్పటికే రుజువు చేసి ఉంది.

రాజుల పాఠశాల తర్వాత ప్రభుత్వ కళాశాల అయింది. నృత్యం కూడా చేరింది. కాలం మారుతున్నకొద్దీ ఇలాంటి సంస్థలకు ఇబ్బందులు తప్పవు. అందుకే పండగ పూట అయినా మనసులో మాట చెబుతాను. వాద్యం కొనుక్కోలేని పిల్లవాడికి కళాశాల చేతినుంచి ఒక ఫిడేలు అందాలి. గురువు లేక ఏ తరగతీ ఖాళీగా ఉండకూడదు. ఊరివాళ్లం నెలకొక్క సాయంత్రమైనా వచ్చి విద్యార్థుల కచేరీ ముందు కూర్చోవాలి. నూరేళ్లు గడిచాయన్న భరోసాతో మనం ఊరుకుంటే తీగ శ్రుతి తప్పినట్టే విద్యా జారిపోతుంది. ఫిడేలు పట్టినవాడెవడూ నిన్న శ్రుతి చేశానుగదా అని ఇవాళ వాయించడు.

ఈ కథలో ముఖ్యమైన మలుపులన్నీ ఎవరో ఒకరు శ్రద్ధగా వినడం వల్లే వచ్చాయి. కోట బ్యాండును ఇద్దరు అన్నదమ్ములు విన్నారు. చూపు మందమైన ఒక యువకుడు దరఖాస్తుతో వచ్చి వాయిస్తే విజయనగరం పెద్దలు విన్నారు. విని, పీట వేశారు. రేపు ఇంకొకరు వస్తారు. చేతిలో ఏ వాద్యం ఉంటుందో, ఏ ఊరినుంచి వస్తారో మనకు తెలియదు. ముందుగా చాప పరిచి, వాయించమని అడుగుదాం.