పావగడ సీమలో ఒక పెండ్లి లెక్క

పావగడ తాలూకా తుమకూరు జిల్లాలోనిదే యైనను, దాని పొలిమేరలలో అధికభాగము ఆంధ్రదేశమునే తాకుచున్నది. ఈ సీమ చరిత్రను వ్రాయబూనినవారు సాధారణముగా పావగడ దుర్గముతోడనో, నిడుగల్లు నేలిన చోళులతోడనో ప్రారంభింతురు. శాసనములు రాజుల దానములను చెప్పును గాని, ఆ కాలమున సామాన్యుని పొయ్యిమీద నేమి యుడికినదో, కోడలిని ఏ యూరినుండి తెచ్చుకొనిరో చెప్పవు. అందులకు ఇండ్లలోని పాతపెట్టెలను వెదకవలసినదే.

నా యొద్ద తెలుగు చదువుకొను ఒక బాలిక యిటీవల తన తాతగారు వ్రాసియుంచిన పెండ్లిలెక్కల పుస్తకమును తెచ్చినది. ఇంట మాటలాడునది తెలుగే; కాని ఆమె తండ్రిగారు చదివినది కన్నడము. రెండు లిపులును ఒక తల్లి బిడ్డలే గనుక వారు కొంత కూడబలుకుకొని, క, త, శ లు వచ్చినచోట నెల్ల ఆగిపోయిరట. కన్నతండ్రి చేవ్రాతను తాము చదువలేకపోవుట వారికి మిక్కిలి కష్టముగా తోచినదని యా బాలిక చెప్పినది.

పుస్తకమున తేదీ లేదు. లెక్క మాత్రము అణాలలో నున్నది. నయాపైసలు 1957 ఏప్రిల్ 1న వాడుకలోనికి వచ్చినవి. కావున ఇది యించుమించు అంతకు ముందరిదై యుండును. రాగులు, బెల్లము, కందిబేడలు సేర్లలో కలవు. పప్పును బేడలనుట ఈ ప్రాంతపు వాడుక, కన్నడమున బేళె. ఓళిగలును అట్టివే, కన్నడిగుల హోళిగెలు. అవ్వ యన్న పిలుపు మాత్రము చిత్రమైనది: మన యిండ్లలో ఆమె నాయనమ్మ లేక అమ్మమ్మ, పలు కన్నడ గృహములలో కన్నతల్లి. ఈ భేదము బడిలో పలుమారు నవ్వు పుట్టించుచుండును.

పెండ్లికూతురు మడకశిర వైపుది. బండిబాడుగ రెండుమారులు పడినది. స్వాతంత్ర్యమునకు పూర్వము పావగడ మైసూరు సంస్థానమునను, మడకశిర మద్రాసు రాజధానిలోని అనంతపురము జిల్లాయందును ఉండెడివి. 1953 అక్టోబరు 1న మడకశిర ఆంధ్రరాష్ట్రమున చేరెను. 1956 నవంబరు 1న అది ఆంధ్రప్రదేశమైనది. 1973లో మైసూరు రాష్ట్రము కర్ణాటకమైనది. 2022 ఏప్రిల్ 4 నుండి మడకశిర శ్రీ సత్యసాయి జిల్లాలోనిది. ఇన్ని పేరులు మారినను వియ్యపు త్రోవ మారలేదు. తల్లి పుట్టినింటికే కూతురు కోడలై పోవు మేనరికము ఆ త్రోవను తరతరములు గడ్డి మొలువనీయలేదు. నేడు వైద్యులు దగ్గరి సంబంధములు వలదందురు. ఆ మాట వినదగినదే.

లెక్కలో ఎద్దుల మేతకును ఒక పద్దు కలదు. ఆ యింట నేడు ఎద్దులు లేవు. తిరుమణి ప్రాంతమున 2018లో ప్రారంభమైన సౌరవిద్యుత్ క్షేత్రము సుమారు 13,000 ఎకరములలో నున్నది. రైతులు భూములను అమ్మలేదు, కౌలున కిచ్చిరి. వీరి వేరుసెనగ చేనును అందు పోయినది. కౌలు సొమ్ము నిలుకడగా వచ్చుచున్నదని, వానకై ఆకాశము చూడనక్కరలేదని తండ్రిగారు సంతోషింతురు. కాదనుటకు నాకు నోరు రాదు. కాని కన్నడిగులు కారహుణ్ణిమె యను ఏరువాకపున్నమ నాడు ఆ యింట కొమ్ములకు రంగు పూయువారు లేరు; పండుగ పేరు బాలికకు పాఠములోనే తెలిసినది.

పుస్తకమునకు ప్రతి వ్రాయ మొదలిడితిమి. బాలిక తెలుగున చదువుచున్నది. తండ్రిగారు ప్రక్కనే కన్నడలిపిలో వ్రాసికొనుచున్నారు. పదునొకండు పుటలు ముగిసినవి. చదివింపుల పట్టీ యింకను మిగిలియున్నది.