కృష్ణ పక్కనే ఉన్నా

వాడపల్లిలో మూసీ వచ్చి కృష్ణలో కలుస్తుంది. ఆ రేవులో మొదటిసారి నిలబడినప్పుడు నాకు అంతుబట్టనిది ఒకటే. ఇంత పెద్ద ఏరు పక్కనే పోతుంటే, మిర్యాలగూడ వైపు రైతులు తరాల తరబడి చెరువునూ వాననూ ఎందుకు నమ్ముకున్నారు?

కృష్ణా డెల్టాలో, రేపల్లె వైపు పుట్టిన మనకు ఆ సందేహం రాదు. మనది చాప పరిచినట్టుండే నేల, కాలువ గట్టుకు గండి కొడితే నీళ్లు చేలోకి వచ్చేస్తాయి. మేమిప్పుడు ఉంటున్న ఈ మిర్యాలగూడ వైపు నేల రాతి మెట్ట, ఏరు లోతున పోతుంది. నీళ్లు పొలం ఎక్కాలంటే ఎగువన ఆపి ఎత్తు మీద నుంచి వదలాలి. నాగార్జునసాగర్ చేసిన పని అదే. 1967లో కాలువలకు నీళ్లు వదిలారు. ఎడమ కాలువ మిర్యాలగూడ, హుజూర్‌నగర్, కోదాడ పొలాలను తడుపుతూ ఖమ్మం వైపు వెళ్లింది.

మన బెజవాడ ఆనకట్ట 1855లోనే పూర్తయింది. నూట పన్నెండేళ్ల తేడా! ఆ నూట పన్నెండేళ్లలో మన ఊళ్లకు ఏమేం వచ్చాయో లెక్కేసుకోండి. గాదెల నిండా ధాన్యం, బడులు, పెంకుటిళ్లు, పిల్లలకు మద్రాసు చదువులు, వాటితో పాటు ఎకరానికి ధర. ఆ ధర చూసుకునే మా మామగారు అక్కడి కొద్దిపాటి పొలం అమ్మి, ఇక్కడ దానికి ఎన్నో రెట్లు కొన్నారు. కాలువ వస్తోందని విని అలా వచ్చిన కుటుంబాలు చాలా ఉన్నాయి.

ఈ నేలకు సేద్యం మనమే నేర్పామని మనవాళ్లు ఇప్పటికీ అంటుంటారు. ఆ మాట నాకు మింగుడుపడదు. సూర్యాపేట పక్కనే పిల్లలమర్రి ఉంది. కాకతీయుల సామంతులు రేచర్ల రెడ్లు ఎనిమిది వందల ఏళ్ల కిందట కట్టించిన గుళ్లు, వేయించిన శాసనాలు అక్కడున్నాయి. ఆ కాలపు ప్రభువులు గుడి కట్టిస్తే చెరువూ తవ్వించేవారు. వరి ఇక్కడ పాతదే, నీళ్ల భరోసాయే కొత్తది.

తర్వాత దొరల కాలం. సూర్యాపేట తాలూకా ఎర్రపాడు దొర జన్నారెడ్డి ప్రతాపరెడ్డికి లక్షన్నర ఎకరాలుండేవని పుచ్చలపల్లి సుందరయ్య గారు రాశారు. ఊరంతా వెట్టి. కరివిరాల కొత్తగూడెంలో కలిగిన ఇంట పుట్టిన మల్లు స్వరాజ్యం, అన్న భీమిరెడ్డి నరసింహారెడ్డి బాటలో, దొరల మీద సాగిన సాయుధ పోరులో తుపాకీ పట్టింది. అప్పటికి ఆమెకు ఇరవై ఏళ్లు కూడా లేవు. నిజాం పాలన పోయాక కూడా, 1951 దాకా ఆ పోరు ఆగలేదు.

అంటే కాలువ రావడానికి పదహారేళ్ల ముందు వరకూ ఈ భూమి కోసం మనుషులు ప్రాణాలిచ్చారు. మనం మాత్రం చవగ్గా దొరికిందని సంబరపడ్డాం. ఎందుకు చవకో అడిగినవాళ్లు మా ఇంట్లో లేరు.

ఇప్పుడు మిర్యాలగూడ రైసు మిల్లుల ఊరు. కోత మిషన్ నుంచి దిగిన పచ్చి ధాన్యం ట్రాక్టర్లలో నేరుగా మిల్లుకు పోతుంది, గేట్ల ముందు బారులు తీరుతుంది. కుప్పలు లేవు, నూర్పిళ్లు లేవు. కోతకు ముందే వరిచేలో మినుములు చల్లే మన పద్ధతీ ఇక్కడ లేదు. మంచు పడే రోజుల్లో ఆ మినపచేల పచ్చదనం కోసం నా ప్రాణం కొట్టుకుంటుంది. సాగర్ నిండని ఏడు యాసంగికి కాలువ వదలరు. అప్పుడు అందరితో పాటు మేమూ బోరు మోటారు దగ్గర కూర్చుంటాం.

సంక్రాంతికి మీరెవరైనా వస్తే ముందు మా పొలం చూపించను. పిల్లలమర్రి తీసుకెళ్తాను, అక్కణ్నుంచి కరివిరాల.