హెరాత్‌లో ముట్టడి... ఉదయగిరిలో జప్తు

1839వ సంవత్సరం. నెల్లూరు నుంచి సంగం, ఆత్మకూరు మీదుగా ఉదయగిరికి పోయే బాట. భుజాన జోలె, చేతిలో కర్రతో ఓ ఫకీరు నడిచి వస్తున్నాడు. ఆత్మకూరు దరిదాపుల్లో సర్కారు బంట్రోతు అడ్డం తగిలాడు. వాళ్ల మాటలు ఎవరూ రాసిపెట్టలేదు గానీ, దాదాపు ఇలాగే నడిచి ఉంటాయి.

"యాడ్నించి సాయిబూ రాక?"

"హైదరాబాదు నించయ్యా. పేట దర్గాకి పోతన్నా."

"హైదరాబాదా! జోలె దించు. లోపల చీటీలేమన్నా ఉండాయా?"

ఆ ఏడు నెల్లూరు జిల్లాలో ముసల్మాను బాటసారులను ఆపి సోదా చేయడం, నిర్బంధించి ప్రశ్నించడం నిజంగా జరిగింది. జిల్లా మేజిస్ట్రేటు స్టోన్‌హౌస్ దొర అనుమానం మామూలు దొంగల మీద కాదు. ఈస్టిండియా కంపెనీ పాలనను కూలదోసే పెద్ద కుట్ర ఏదో దక్కనులో పాకుతోందని, దాని వెనక రష్యా, పర్షియా ఉన్నాయని అప్పటి అధికారులు గట్టిగా నమ్మారు. ఆత్మకూరు బాటకూ రష్యాకూ ముడి ఎక్కడ పడింది? అది తెలియాలంటే ముందు హెరాత్ వెళ్లాలి.

హెరాత్ ఇప్పటి అఫ్గానిస్థాన్‌లో పడమటి నగరం. 1837 నవంబరులో పర్షియా పాలకుడు మహమ్మద్ షా దాన్ని ముట్టడించాడు. ఆయన వెనక రష్యా రాయబారి సిమోనిచ్ ఉన్నాడు. మరుసటి నెలలో విట్కేవిచ్ అనే రష్యా అధికారి కాబూల్లో దిగాడు. కంపెనీ దూత అలెగ్జాండర్ బర్న్స్ అప్పటికే అక్కడ అమీర్ దోస్త్ మహమ్మద్‌తో మంతనాల్లో ఉన్నాడు. ఒకే దర్బారులో రెండు సామ్రాజ్యాల మనుషులు ఎదురుపడ్డారు. గవర్నర్ జనరల్ ఆక్లండ్‌కు కంటి మీద కునుకు పట్టలేదు. హెరాత్ పడితే కాందహార్, ఆ తర్వాత సింధు నది, ఆపైన హిందూస్థానమే అని ఆయన చుట్టూ ఉన్నవాళ్లు లెక్క కట్టారు.

1838 జూన్‌లో ఒప్పందం కుదిరింది. అటు పంజాబు మహారాజు రంజిత్ సింగ్, ఇటు కంపెనీ, మధ్యలో కాబూల్ గద్దె పోగొట్టుకున్న షా షుజా. దోస్త్ మహమ్మద్‌ను దించి షుజాను ఎక్కించడం వాళ్ల పథకం. ఇంగ్లీషు నౌకలు పర్షియా సింధుశాఖలోని ఖార్గ్ ద్వీపాన్ని పట్టుకోవడంతో మహమ్మద్ షా బెదిరి, సెప్టెంబరు 9న ముట్టడి ఎత్తేశాడు. సిమోనిచ్‌ను రష్యా వెనక్కి పిలిపించుకుంది. భయానికి కారణమైంది కాస్తా తొలగిపోయింది. అయినా అక్టోబరు 1న ఆక్లండ్ సిమ్లాలో యుద్ధ ప్రకటన చేశాడు. సైన్యం కదిలింది. 1839 ఆగస్టులో కాబూల్ చేరింది.

సైన్యం ఉత్తరానికి పోతే దక్షిణాది మాటేమిటి? అక్కడ మొదలైంది మనవైపు కలవరం. కంపెనీ చేయి కలిపిన రంజిత్ సింగ్ సేనలతోనే పోరాడి 1831లో బాలాకోట్ దగ్గర నేలకొరిగినవాడు సయ్యద్ అహ్మద్ బరేల్వీ. ఆయన శిష్యులు దక్కను దాకా వచ్చి బోధలు చేస్తున్నారు. దర్గాలకు మొక్కడం తప్పు, పీర్లను ఎత్తడం తప్పు అన్నది వాళ్ల మాట. ఇంగ్లీషువాళ్లు వాళ్లకు 'వహాబీలు' అని పేరు పెట్టారు. ఆత్మకూరు పక్కన అనుమసముద్రంపేటలో రహమతుల్లా దర్గా ఉంది. కులమతాలతో పనిలేకుండా జబ్బుపడ్డవాళ్లు అక్కడికి పోయి నిద్ర చేస్తారు. అలాంటి దర్గాకు పోయే ఫకీరుకూ, దర్గాలే కూడదనే మౌల్వీకీ నక్కకూ నాగలోకానికీ ఉన్నంత దూరం. అది ఈ నేల మీద పుట్టినవాళ్లకు తెలుసు, కచేరీలో కూర్చున్న దొరకు తెలియలేదు. గడ్డం, జోలె, పరాయి ఊరు కనిపిస్తే చాలు, అనుమానమే.

ఈ అనుమానంతోనే హైదరాబాదులో కంపెనీ రెసిడెంటు ఫ్రేజర్ ఒత్తిడి మీద, 1839 జూన్‌లో నిజాం సొంత తమ్ముడు ముబారిజుద్దౌలాను గోల్కొండ కోటలో బంధించారు. 1854లో చనిపోయేదాకా ఆయన అక్కడే. సెప్టెంబరులో, గోవా పోర్చుగీసువాళ్లతో మంతనాలాడాడన్న నేరం మోపి సతారా రాజు ప్రతాప్‌సింగ్‌ను గద్దె దించారు. అక్టోబరులో కర్నూలు వంతు. నవాబు గులాం రసూల్ ఖాన్ జనానా తోటల్లో ఫిరంగులు, తుపాకిమందు, పోతపోసే కొలుములు బయటపడ్డాయి. ఆ నెల 18న జోరాపురం దగ్గర చిన్న యుద్ధం జరిగింది, నవాబు పట్టుబడ్డాడు. తిరుచిరాపల్లికి పంపిస్తే, మరుసటి ఏడు అక్కడే కత్తిపోటుకు బలైపోయాడు.

ఇక ఉదయగిరి. ఆర్కాటు నవాబుల కాలంలో ఒక కుటుంబానికి దక్కిన జాగీరు ఇది. 1801లో కర్ణాటకం కంపెనీ చేతికి వచ్చాక కూడా వాళ్ల చేతుల్లోనే మిగిలింది. 1839 నాటి జాగీర్దారు అబ్బాస్ అలీ ఖాన్. కర్నూలు నవాబుతో కలిసి కుట్ర పన్నాడన్నది ఆయన మీద అభియోగం. ఉదయగిరి కొండ మూడు వేల అడుగుల పైమాటే. 1514లో గజపతుల చేతుల్లోంచి దాన్ని గెలవడానికి శ్రీకృష్ణదేవరాయలకే ఏడాదికి పైగా పట్టింది. సైన్యం పోయేందుకు కొండల్లో బండలు పగలగొట్టించి బాటలు వేయించాడని పోర్చుగీసు వర్తకుడు న్యూనిజ్ రాశాడు. అంతటి దుర్గం కింద ఉన్న జాగీరు ఈసారి కాగితాల మీదే పోయింది. జాగీరు జప్తు, జాగీర్దారుకు చెంగల్పట్టులో నిర్బంధం.

ఆయన నిజంగా కుట్ర చేశాడా? కర్నూలులో దొరికిన ఫిరంగులను ఎవరూ కాదనలేరు. కానీ రష్యా, పర్షియా, హైదరాబాదు, ఉదయగిరి అన్నీ ఒకే తాడుకు ముడివేసిన కుట్ర ఉందనడానికి మాత్రం ఆధారం నిలవదు. చరిత్రకారుడు చంద్ర మల్లంపల్లి ఈ రికార్డులన్నీ తిరగేసి 2017లో పుస్తకమే రాశారు. మతంతో పెద్దగా సంబంధం లేని స్థానిక కక్షలు, కుయుక్తులే ఇంత పెద్ద కుట్ర ఉందన్న నమ్మకాన్ని పుట్టించాయని ఆయన తేల్చారు. నాకూ అదే సబబనిపిస్తుంది. దొరకు భయం పట్టుకుందని తెలిస్తే, ఆ భయానికి తగ్గ కబురు మోసుకొచ్చేవాళ్లు ఏ ఊళ్లోనైనా దొరుకుతారు. అబ్బాస్ అలీ ఖాన్‌కు సాటివాళ్ల పగ ఒకవైపు, హెరాత్ భయం ఇంకోవైపు. హెరాత్ భయమే లేకపోతే ఆ పగ ఊరి తగాదాగానే మిగిలేదని నా నమ్మకం. అందుకే ఇది ఉదయగిరికి జరిగిన అన్యాయంగానే నాకు తోస్తుంది.

రష్యాతో ఆ పోటీ ఇంకో రెండు తరాలు నడిచింది. చివరికి 1907 ఆగస్టు 31న సెంట్ పీటర్స్‌బర్గ్‌లో బ్రిటన్, రష్యా సంతకాలు చేసుకున్నాయి. పర్షియాలో ఎవరి వాటా ఎంతో పంచుకున్నాయి. అఫ్గానిస్థాన్ జోలికి రానని రష్యా మాటిచ్చింది. ఫ్రాన్సుతో కలిపి ముగ్గురూ ఒక జట్టయ్యారు, 1914లో ఆ జట్టుగానే మొదటి ప్రపంచ యుద్ధంలోకి దిగారు. శత్రువని చెప్పిన రష్యా మిత్రదేశమైంది. ఉదయగిరి జాగీరును మాత్రం సర్కారు తిరిగి ఇవ్వలేదు.