పాపఘ్ని ఏరూ, నీరుగంటి చెయ్యీ

కడప జిల్లా చరిత్ర పుస్తకాల్లో పెన్నకున్న చోటు పాపఘ్నికి లేదు. కర్ణాటకలో నందికొండల ప్రాంతంలో పుట్టి, వెలిగల్లు మీదుగా వచ్చి, గండి దగ్గర పాలకొండలను చీల్చుకొని, వేంపల్లె దాటి, కమలాపురం దగ్గర పెన్నలో కలుస్తుంది. ఏడాదిలో చాలా నెలలు ఇసకే. ఈ ఏటి జ్ఞాపకంలో ఎవరికి చోటు దొరికింది, ఎవరికి దొరకలేదు అన్నదే మా ప్రశ్న.

పాపఘ్ని అంటే పాపాన్ని చంపేది. పొరుగు రాజొకడు ఇక్కడి చెంచు నాయకుణ్ణి చంపాడనీ, ఆ పాపానికి కుష్టు సోకిందనీ, రాజ్యం వదిలి ఈ ఒడ్డున తపస్సు చేస్తే నయమైందనీ కథ. రాజు పాపం పోయింది సరే, చచ్చిన చెంచు సంగతేంది? ఏటికి పేరు చంపినోడి విముక్తి నుంచి వచ్చింది.

గండిలో ఇంకో కథ ఉంది. లోయకు అడ్డంగా ఉన్న బంగారు తోరణం చావు దగ్గరపడిన పుణ్యాత్ములకే కనపడుతుందట. 1800లో దత్తమండలాలకు కలెక్టరుగా వచ్చి, తర్వాత మద్రాసు గవర్నరైన థామస్ మన్రో దాన్ని చూశాడంటారు. 1827 జులై 6న కర్నూలు జిల్లా పత్తికొండలో కలరాతో చనిపోయాడు. దొరను కూడా పుణ్యాత్ముల్లో చేర్చుకున్న ఈ జ్ఞాపకం నీళ్ళు పారించినోణ్ణి చేర్చుకోలేదు.

ఏటి ఇసకలో కాలువ తవ్వి ఊటనీళ్ళు చేలకు మళ్ళించడం పెన్నా, దాని ఉపనదుల వెంట పాత పద్ధతి. వరదొస్తే ఊటకాలువ పూడిపోతుంది, మళ్ళీ తవ్వాల్సిందే. చెరువుల కింద తూమెత్తి వంతులవారీగా నీళ్ళు పంచే పని నీరుగంటిది. రాయలసీమలో చాలా ఊళ్ళల్లో ఆ పని మాల మాదిగలదే. ఏ మడికి ఎంత తడి చాలుతుందో, కరువులో ఉన్న నీళ్ళతో ఎంత పైరు నిలబెట్టొచ్చో అతనికి తెలుసు. ప్రతిఫలం కల్లంలో గింజలు, కొన్ని చోట్ల కాస్త ఇనాం మడి.

ఆయకట్టులో పెద్ద భూమి లేనోడు గనక పక్షపాతం చూపడని కొందరు ఈ ఏర్పాటును మెచ్చుకుంటారు. మేం ఒప్పుకోం. భూమి లేకపోవడం అర్హత కాదు, కులం చేసిన పని. ఊరి పొలాలకు నీళ్ళు కట్టిన చెయ్యి ఊరబావిలో చేద వెయ్యగూడదు. మాలపల్లె, మాదిగవాడ ఏట్లో చెలమ తవ్వుకొని తాగాలి.

బోర్లొచ్చాక ఊట కిందికి దిగింది. ఎగువ చెరువులు, ఇసక తవ్వకాలు మిగిలింది పూర్తి చేశాయి. 1997లో నీటిసంఘాల చట్టం వచ్చింది. అందులో ఓటు ఆయకట్టులో భూమి ఉన్న రైతుకు, రికార్డుకెక్కిన కౌలుదారుకు. తరతరాలుగా నీళ్ళు పంచిన నీరుగంటికి భూమి లేకపోతే ఓటూ లేదు. ప్రజాస్వామ్యం పేరుతో వచ్చిన చట్టం పాత గీతనే మళ్ళీ గీసింది.

1927లో మహద్‌లో అంబేద్కర్ నీళ్ళు తాగే హక్కును ముందుకు తెచ్చాడు. పాపఘ్ని ఒడ్డున దాని పక్కనే ఇంకో హక్కు నిలబడి ఉంది: నీళ్ళ గురించి నిర్ణయం చేసే హక్కు. నీరుగంటి చేసింది చాకిరీ ఒక్కటే కాదు, అది విద్య. ఇనాం రికార్డులనూ, మన పల్లెల్లో మిగిలిన ముసలోళ్ళ మాటలనూ పక్కపక్కన పెట్టి చదివితేనే ఆ విద్య చరిత్రకెక్కుతుంది. ఆ ముసలోళ్ళు ఉండగానే ఈ పని మొదలుపెట్టాలి.