కాగితపు తలుపుల ఇంట్లో గడియ పెట్టిన హత్య

పాతకాలపు జపాన్ ఇళ్ళలో గోడలకంటే పక్కకి జరిపే కాగితపు తలుపులే ఎక్కువ. అక్కడ "లోపల గడియ పెట్టిన గదిలో హత్య" కథెలా రాస్తారండీ? సెయిషి యొకొమిజో 1946లో 'హోన్‌జిన్ హత్యలు' రాసి చూపించాడు. యుద్ధకాలంలో డిటెక్టివ్ కథలు సర్కారుకి గిట్టేవి కావు. 1945లో ఒకయామా పల్లెకి చేరిన ఈయన, యుద్ధం ముగిసిన మరుసటేడే సీరియల్ మొదలెట్టేశాడు.

కథాకాలం 1937. ఒకప్పుడు ప్రభువులకి బస ఇచ్చిన వంశం. పెళ్ళికి చుట్టాలంతా చేరతారు. ఆ రాత్రే కొత్త దంపతులు శవాలై కనిపిస్తారు. బయట మంచులో గుచ్చిన కత్తి ఉంది, అడుగుజాడల్లేవు!

చిక్కుముడి బావుంటుంది (కాస్త అతి కూడా). నాకైతే వధువు రైతుబిడ్డని ఆ ఇంటివాళ్ళు చూసే చిన్నచూపే గుర్తుండిపోయింది. ఇంటిపెద్దకి చట్టమే పెత్తనమిచ్చిన ఆ కుటుంబ వ్యవస్థని సివిల్ కోడ్ నుంచి తీసేసింది 1947లో. అంటే సీరియల్ వస్తున్నప్పుడు, చదివేవాళ్ళలో చాలామంది అలాంటి ఇంట్లోనే ఉన్నారన్నమాట..